అయిదు నెలల ఆపద్ధర్మం

1979 డిసెంబరు 26. క్రిస్మస్ వెళ్లిన మర్నాడు. పోర్చుగల్ రాజపత్రంలో ఆ తేదీతో వెలువడిన డిక్రీ చట్టాల నంబర్లు చూస్తే ఓ విశేషం కనబడుతుంది. 513 అనే అంకె పక్కన అక్షరాలు తగిలించుకుంటూ వెళ్లారు. 513-ఎల్ ఒకటి, 513-టి ఇంకొకటి. ఒకే నంబరు కింద అన్ని చట్టాలు సర్దాల్సి వచ్చిందంటే లిస్బన్‌లో ఆ రోజుల్లో పని ఎంత ముమ్మరంగా సాగిందో ఊహించుకోవచ్చు. ఆ పని చేస్తున్నది దిగిపోతున్న ప్రభుత్వం. ఎన్నికలు డిసెంబరు 2నే ముగిశాయి. ఓటర్లు మరో కూటమికి పట్టం కట్టారు. ఇంకో ఎనిమిది రోజుల్లో ప్రధాని తన కుర్చీ ఖాళీ చేయాలి.

513-టి దేశంలో పాలిటెక్నిక్ ఉన్నత విద్యకు ఒక అమరిక కల్పించింది. 513-ఎల్ అంతకన్నా లోతైనది. సాంఘిక భద్రతా నిధికి జీవితంలో ఒక్క చందా కట్టని మనిషికి కూడా, అవసరంలో ఉంటే చాలు, రాజ్యం నుంచి కనీస రక్షణ పొందే హక్కు ఉందని అది చెప్పింది. పొలంలో, ఇంట్లో, ఏ లెక్కల పుస్తకానికీ ఎక్కని పనిలో వయసంతా కరగదీసి, చివరికి చేతిలో ఏ కాగితమూ లేకుండా మిగిలిన వాళ్లకు ఆ చట్టం ఒక పేరు పెట్టింది: హక్కుదారులు. ఆ ప్రభుత్వాన్ని నడిపిన మహిళ మరియా ద లుర్దెస్ పింటసిల్గో. పోర్చుగల్ చరిత్రలో ప్రధానమంత్రి అయిన మహిళ ఆమె ఒక్కరే.

ఎన్నికలు జరిగేదాకా కుర్చీలో ఉండే ప్రభుత్వాన్ని తెలుగులో ‘ఆపద్ధర్మ ప్రభుత్వం’ అంటాం. 2018లో తెలంగాణ శాసనసభ రద్దయినప్పుడు ఆ మూడు నెలలూ ఈ మాట మన పత్రికల్లో రోజూ కనబడింది. వాడకంలో దీని అర్థం ‘ఏమీ చేయకుండా కాచుకుని కూర్చునే ప్రభుత్వం’గా స్థిరపడిపోయింది. మాటను విడదీసి చూడండి. ఆపదలో పాటించాల్సిన ధర్మం అని కదా దాని అర్థం! పింటసిల్గో అయిదు నెలల పాలన ఆ రెండో సగం మీద నిలబడింది. ఆమె రాజకీయ జీవితాన్ని ఇవాళ తిరగేసి చూడటానికి అదే కారణం. అందులో స్ఫూర్తి ఉంది, దాంతోపాటు ఒక హెచ్చరిక కూడా ఉంది.

రసాయన పరిశ్రమ నుంచి

పింటసిల్గో 1930 జనవరి 18న తేజో నది ఒడ్డున ఉన్న అబ్రాంతెస్ అనే పట్టణంలో పుట్టారు. ఆమె బాల్యం, యవ్వనం, నడివయసు మొదలు అన్నీ ఒకే నియంతృత్వం కింద గడిచాయి. సలాజర్ నెలకొల్పిన ఆ పాలన స్త్రీని ఇంటికి దీపంగా పొగిడి, చట్టంలో మాత్రం మైనరులా చూసింది. టీచరు పెళ్లి చేసుకోవాలంటే ప్రభుత్వ అనుమతి కావాలి. ప్రభుత్వాసుపత్రి నర్సుకు 1963 దాకా పెళ్లే నిషిద్ధం. పెళ్లయిన స్త్రీ భర్త అనుమతి లేకుండా దేశం దాటకూడదన్న నిబంధన 1969 దాకా ఉంది. న్యాయమూర్తి పదవి, దౌత్య ఉద్యోగం 1974 దాకా స్త్రీలకు అందనే లేదు.

అలాంటి దేశంలో ఆమె ఎంచుకున్న చదువు పారిశ్రామిక రసాయన ఇంజనీరింగ్. 1953లో, 23 ఏళ్లకు, లిస్బన్‌లోని ప్రసిద్ధ ఇన్‌స్టిట్యూటో సుపీరియర్ టెక్నికో నుంచి పట్టా పుచ్చుకున్నారు. కొంతకాలం అణుశక్తి మండలిలో పరిశోధన చేసి, 1954లో సీయూఎఫ్ అనే భారీ పారిశ్రామిక సంస్థలో ఇంజనీరుగా చేరారు. దేశ ఆర్థిక వ్యవస్థలో అతి పెద్ద సంస్థల్లో అదొకటి. ఇంజనీరు ఉద్యోగాలు అక్కడ మగవాళ్లవే అన్నది అప్పటిదాకా అడగకుండానే అమలైన నియమం. ఆమె ఆరేళ్లు అక్కడ పనిచేశారు. తలుపు ఎవరో తీసేదాకా ఆగకుండా, చదువు బలంతో తోసుకుని లోపలికి వెళ్లడం ఆమె మొదట అక్కడే నేర్చుకున్నారు.

రెండో బడి చర్చి. పింటసిల్గో గాఢమైన కాథలిక్ విశ్వాసి. విశ్వవిద్యాలయ కాథలిక్ యువతుల సంఘానికి అధ్యక్షురాలయ్యారు. 1956 నుంచి 1958 దాకా పాక్స్ రొమానా అనే అంతర్జాతీయ కాథలిక్ విద్యార్థి ఉద్యమానికి నాయకత్వం వహించారు. 1957లో స్నేహితురాలు తెరెసా సాంతా క్లారా గోమెస్‌తో కలిసి ‘గ్రాల్’ అనే సామాన్య స్త్రీల ఉద్యమాన్ని పోర్చుగల్‌కు తెచ్చారు. సన్యాసినుల మఠం నీడలో కాకుండా, లోకంలో ఉంటూనే విశ్వాసాన్ని పనిగా మార్చుకోవాలనుకునే స్త్రీల సంస్థ అది. ఆమె పెళ్లి చేసుకోలేదు. పెళ్లయిన ఆమె ఈడు స్త్రీలు ఒక ప్రయాణానికి భర్త సంతకం కోసం ఎదురుచూస్తున్న కాలంలో ఆమె దేశాలు తిరిగి సభలు నడిపారు. మత భక్తికీ స్త్రీ స్వేచ్ఛకూ పడదని తేల్చేసే వాళ్లకు ఆమె జీవితం సమాధానం. ఆమె సాహసానికి వేరు ఆ భక్తిలోనే ఉంది.

ఒక చిక్కు ప్రశ్నను దాటవేయకూడదు. సలాజర్ వారసుడు మార్సెలో కయతానో 1969లో ఆమెను జాతీయ శాసనసభ అభ్యర్థిగా నిలబడమని కోరినప్పుడు నిరాకరించారు. అదే ఏడాది కార్పొరేటివ్ చాంబర్ అనే సలహా సభలో సభ్యత్వం మాత్రం అంగీకరించారు. 1970 నుంచి స్త్రీల సామాజిక, ఆర్థిక స్థితిని పరిశీలించే అధికారిక బృందానికి నేతృత్వం వహించారు. నియంతృత్వం లోపలికి వెళ్లి పనిచేయడం రాజీ అని ఆనాడే విమర్శించినవాళ్లున్నారు. ఆ విమర్శను కొట్టిపారేయలేం. కానీ ఆమె అక్కడ కూడబెట్టింది ఏమిటన్నది చూడాలి. ఏ చట్టంలో ఏ సెక్షన్ స్త్రీని ఎలా కట్టేసిందో అన్న వివరం అది. నియంతృత్వం కూలిన రోజు ఆ వివరం ఆయుధంగా మారింది.

పిలిచి ఇచ్చిన పదవి

1974 ఏప్రిల్ 25న తుపాకీ గొట్టాల్లో ఎర్రని కార్నేషన్ పువ్వులతో సైనికులు లిస్బన్ వీధుల్లోకి వచ్చారు. సుమారు అర్ధ శతాబ్దపు నియంతృత్వం ఒక్క రోజులో కూలింది. మే నెలలో ఏర్పడిన తొలి తాత్కాలిక ప్రభుత్వంలో పింటసిల్గో సాంఘిక భద్రత కార్యదర్శి. జులైలో ఏర్పడిన రెండో ప్రభుత్వంలో సామాజిక వ్యవహారాల మంత్రి. పోర్చుగల్‌లో ఒక మహిళ మంత్రి కావడం అదే మొదలు. ఆ తర్వాత ఆమె యునెస్కోలో రాయబారిగా పారిస్ వెళ్లారు. 1974 దాకా ఏ స్త్రీకీ తెరుచుకోని దౌత్య రంగం అది.

ఇంతలో దేశం ఆర్థికంగా, రాజకీయంగా కుదుపులకు లోనైంది. ఆఫ్రికాలోని వలసరాజ్యాలు చేజారడంతో లక్షల మంది చేతిసంచులతో స్వదేశానికి తిరిగొచ్చారు. 1978లో అంతర్జాతీయ ద్రవ్యనిధి దగ్గర చేయి చాచాల్సి వచ్చింది. 1976 రాజ్యాంగం కింద ఎన్నికైన సభలో ఎవరికీ ఆధిక్యం లేదు. సోషలిస్టు నేత మారియో సోరెస్ ప్రభుత్వాలు రెండు పడిపోయాయి. అధ్యక్షుడు రమాల్యో ఇయానెస్ పార్టీలను పక్కనపెట్టి తానే ప్రధానులను ఎంపిక చేయడం మొదలుపెట్టారు. మొదట నోబ్రె ద కోస్టా వచ్చారు. ఆయన ప్రభుత్వాన్ని సభ తిరస్కరించింది. తర్వాత మోతా పింటో. ఆయన ప్రభుత్వం ఏడాది నిండకుండానే కూలింది. ఎన్నికలు తప్పవని తేలాక, అప్పటిదాకా పాలించడానికి అధ్యక్షుడు పిలిచిన మూడో వ్యక్తి పింటసిల్గో. ఏ పార్టీలోనూ సభ్యత్వం లేని ఇంజనీరు, రాయబారి, భక్తురాలు.

1979 ఆగస్టు 1న ఆమె ప్రమాణం చేశారు. బ్రిటన్‌లో మార్గరెట్ థాచర్ ప్రధాని అయి అప్పటికి మూడు నెలలే. పశ్చిమ ఐరోపాలో ప్రధాని అయిన రెండో మహిళ పింటసిల్గో. థాచర్ పేరు మన పాఠ్యపుస్తకాల దాకా వచ్చింది. రాజ్యం సామాన్యుడి జీవితంలోంచి తప్పుకోవాలన్నది ఆమె సిద్ధాంతం. అదే వేసవిలో, అదే ఖండంలో, రాజ్యం ఇప్పటిదాకా చూడని మనుషుల దగ్గరికి వెళ్లాలన్న మరో మహిళ పేరు మనకు చేరనే లేదు.

ఆమె మంత్రివర్గంలో సామాజిక వ్యవహారాలు చూసింది ఆల్‌ఫ్రెడో బ్రూటో ద కోస్టా. 1938లో గోవాలో పుట్టిన మనిషి. తర్వాతి దశాబ్దాల్లో పోర్చుగల్‌లో పేదరికం మీద లోతైన పరిశోధన చేసినవారిగా ఆయనకు పేరొచ్చింది. 513-ఎల్ వెనక ఆ ఇద్దరి నమ్మకం ఒక్కటే: పేదవాడికి ఇచ్చేది దానం అయితే ఇచ్చేవాడి మనసు మీద ఆధారపడుతుంది, హక్కు అయితే చట్టం మీద నిలబడుతుంది. ఉచిత వైద్యానికి పునాది వేసిన జాతీయ ఆరోగ్య సేవా చట్టం కూడా ఆమె ప్రధానిగా ఉండగానే, సెప్టెంబరు 15న, రాజపత్రానికి ఎక్కింది. ఆ ఘనత మాత్రం దాన్ని రూపొందించిన ఆంటోనియో ఆర్నౌట్‌దీ, ఆమోదించిన శాసనసభదీ. ఎవరి పద్దు వారికి రాయాలి.

ఢిల్లీలోనూ అదే ప్రశ్న

ఎన్నికలదాకా మాత్రమే ఉండే ప్రభుత్వం ఎంతవరకు పనిచేయవచ్చు? అవే నెలల్లో సరిగ్గా ఈ ప్రశ్నే మన దేశాన్నీ పట్టుకుంది. దాన్ని ఎదుర్కొన్నది మన అనంతపురం బిడ్డ, అప్పటి రాష్ట్రపతి నీలం సంజీవరెడ్డి. మొరార్జీ దేశాయ్ రాజీనామా తర్వాత 1979 జులై 28న చరణ్‌సింగ్ ప్రధానిగా ప్రమాణం చేశారు. పింటసిల్గో కన్నా నాలుగు రోజుల ముందు. ఆయన లోక్‌సభ ముఖం చూడకుండానే ఆగస్టు 20న రాజీనామా ఇచ్చారు. 22న సంజీవరెడ్డి లోక్‌సభను రద్దుచేసి, ఎన్నికలదాకా చరణ్‌సింగ్‌నే కొనసాగమన్నారు. ప్రభుత్వం ఏర్పాటుచేసే అవకాశం జనతా పార్టీ నేత జగ్జీవన్‌రామ్‌కు ఇవ్వలేదన్న వివాదం అలాగే మిగిలిపోయింది. మన ఎన్నికల తొలి దశ పోలింగ్ 1980 జనవరి 3న. లిస్బన్‌లో పింటసిల్గో బాధ్యతలు అప్పగించి వెళ్లిపోయింది అదే రోజు.

సంజీవరెడ్డి ఆ ప్రభుత్వం ముందు ఒక గీత గీశారు. కొత్త విధానాలు వద్దు, భారీగా కొత్త ఖర్చు వద్దు, పెద్ద పరిపాలనా నిర్ణయాలు వద్దు. కలకత్తా హైకోర్టు కూడా అలాంటి ప్రభుత్వం రోజువారీ పాలనకే పరిమితం కావాలంది. మన దేశ సంప్రదాయంగా అదే నిలిచింది. గీత గీయడంలో సంజీవరెడ్డి తప్పు చేశారని నేను అనను. లోక్‌సభ విశ్వాసం ఒక్క రోజు కూడా పొందని ప్రభుత్వం అది. రాజీనామా ఇచ్చిన ప్రభుత్వం. కళ్లెం అవసరమే.

పింటసిల్గో స్థితి వేరు. ఆమె తన కార్యక్రమాన్ని శాసనసభ ముందు పెట్టారు. సభ దాన్ని తిరస్కరించలేదు. సభ రద్దయింది ఆ తర్వాతే, సెప్టెంబరు 11న. డిక్రీల ద్వారా చట్టాలు చేసే అధికారం ప్రభుత్వానికి ఆ దేశ రాజ్యాంగమే ఇచ్చింది. కాబట్టి ఆమె హద్దు దాటారనడం సరికాదు. అయినా ప్రజాస్వామ్యవాది మనసులో ఒక ముల్లు మిగులుతుంది. ప్రజలు డిసెంబరు 2న తీర్పు ఇచ్చేశాక, 26న ఇంత పెద్ద చట్టం తేవచ్చా? ఆ ఎన్నికల్లో గెలిచిన, ఫ్రాన్సిస్కో సా కార్నెరో నేతృత్వంలోని మితవాద కూటమి అడిగింది అదే. ఆ ప్రశ్న న్యాయమైనది.

నా సమాధానం ఇది. ఏమీ చేయకుండా ఉండటం కూడా ఒక నిర్ణయమే. దాని ఖర్చు ఎవరు భరిస్తారన్నదే తేడా. ప్రభుత్వం అయిదు నెలలు ఆగితే బ్యాంకులో డబ్బున్న కుటుంబానికి ఏమీ కాదు. పింఛను లేని డెబ్భయ్యేళ్ల కూలీకి ఆ అయిదు నెలలు ఒక చలికాలం. తటస్థంగా కనిపించే నిదానం నిజానికి ఒక పక్షానికే అనుకూలం. ఇక దుర్వినియోగం మాటకొస్తే, దిగిపోయే ప్రభుత్వాలు సాధారణంగా చివరి వారంలో ఏం చేస్తాయో మనకు తెలియనిది కాదు. అయినవాళ్లకు పోస్టులు, భూముల ఫైళ్ల మీద సంతకాలు. పింటసిల్గోకు పార్టీ లేదు, పంచాల్సిన అయినవాళ్లూ లేరు. ఆమె చివరి వారం సంతకం ఓటుబలం కూడగట్టలేని వాళ్ల కోసం పడింది. గెలిచినవాళ్లకు కావాలంటే ఆ చట్టాన్ని మార్చుకునే అధికారం పూర్తిగా మిగిలే ఉంది.

వాళ్లు ఆ అధికారాన్ని వాడుకున్నారు కూడా. 1980 మే నెలలో సా కార్నెరో ప్రభుత్వం 513-ఎల్‌ను తీసేసి, పరిధి కుదించిన మరో డిక్రీ తెచ్చింది. అయిదు నెలల్లో చేసిన చట్టానికి అయిదు నెలలే ఆయుష్షు. అయినా చందా కట్టనివాళ్లకూ రక్షణ అన్న సూత్రాన్ని కొత్త డిక్రీ సైతం పూర్తిగా చెరిపేయలేకపోయింది. 1984 సాంఘిక భద్రతా చట్టంలో ఆ సూత్రానికి చోటు దొరికింది. 1996లో ఆంటోనియో గుటెర్రెస్ ప్రభుత్వం కనీస ఆదాయ హామీ చట్టం తెచ్చింది. తర్వాత ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శి అయిన ఆ గుటెర్రెస్ చదివింది కూడా పింటసిల్గో చదివిన ఇంజనీరింగ్ కళాశాలలోనే.

నాలుగో స్థానం నేర్పిన పాఠం

ఇక హెచ్చరిక. పార్టీ లేకపోవడమే ఆమెను ప్రధాని కుర్చీ దాకా తెచ్చింది. ఆమెను అక్కడ నిలవనీయనిదీ అదే. 1986 జనవరి 26న అధ్యక్ష ఎన్నికల తొలి రౌండ్ జరిగింది. ఒక మహిళ ఆ పదవికి పోటీపడటం పోర్చుగల్‌లో అదే ప్రథమం. బ్యాలెట్ మీద నాలుగు పేర్లు. ఫ్రెయితాస్ దో అమరాల్ వెనక మితవాద పార్టీలు. మారియో సోరెస్ వెనక సోషలిస్టు పార్టీ. సల్గాదో జెన్యా వెనక కమ్యూనిస్టులు, ఇయానెస్ అనుయాయుల కొత్త పార్టీ. నాలుగో పేరు వెనక గ్రాల్ స్నేహితులు, పల్లెల్లో పనిచేసే స్త్రీలు, చిన్న చిన్న బృందాలు. ఒకనాడు ఆమెను ప్రధానిని చేసిన ఇయానెస్ వర్గం ఈసారి మరో అభ్యర్థి వెంట నడిచిందన్నది గమనించాలి. ఆమెకు దక్కింది 7.38 శాతం. నాలుగు లక్షలకు పైగా ఓట్లు. నాలుగో స్థానం. తొలి రౌండ్‌లో 25 శాతం దగ్గర ఆగిన సోరెస్, రెండో రౌండ్‌లో 51 శాతంతో అధ్యక్షుడయ్యారు. పార్టీ యంత్రాంగం అంటే ఏమిటో ఆ అంకెలు చెబుతాయి.

మహిళా నాయకత్వం గురించి ఆలోచించే వాళ్లందరూ ఆగి చూడాల్సిన చోటు ఇదే. ఒకరు పిలిచి కూర్చోబెట్టిన కుర్చీ ఒకటి, తన జనాన్ని కూడగట్టుకుని గెలిచిన కుర్చీ ఇంకొకటి. మొదటిదానిలో ఎంత గొప్ప పని చేసినా, పిలిచినవాడి చూపు మరలగానే అది ముగుస్తుంది. రెండోదానికి కింది నుంచి కట్టుకొచ్చిన సంస్థ కావాలి, అభ్యర్థుల జాబితా రాసే గదిలో చోటు కావాలి. పింటసిల్గోకు మేధ ఉంది, నిజాయితీ ఉంది, అనుభవం ఉంది. ఆ గదిలో చోటు లేదు.

మన దగ్గరా ఇది చూస్తూనే ఉన్నాం. తెలుగు రాష్ట్రాలు రెండింటిలోనూ ఇంతవరకూ మహిళ ముఖ్యమంత్రి కాలేదు. స్థానిక సంస్థల్లో సగం సీట్లు మహిళలవే అయినా, పార్టీల్లో టికెట్లు ఖరారు చేసే చోట వాళ్లు ఎంతమంది ఉన్నారో వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. చట్టసభల్లో మూడో వంతు సీట్లు కేటాయిస్తూ 2023లో రాజ్యాంగ సవరణ వచ్చింది కానీ, అది అమలవడానికి జనగణన, నియోజకవర్గాల పునర్విభజన అడ్డుగా నిలిచాయి. సీటు వచ్చే రోజుకల్లా ఆ సీటును తన సొంత బలంతో నిలబెట్టుకోగల స్త్రీలు పార్టీల లోపల ఎదిగి ఉండాలి. లేదంటే మళ్లీ పిలిచి ఇచ్చిన కుర్చీలే మిగులుతాయి.

పోర్చుగల్ కూడా ఈ పాఠాన్ని నెమ్మదిగానే నేర్చుకుంది. 2006లో పార్టీ జాబితాల్లో కనీసం 33 శాతం మహిళలు ఉండాలని చట్టం చేసి, 2019లో దాన్ని 40కి పెంచింది. పార్లమెంటుకు తొలి మహిళా అధ్యక్షురాలు అసుంసావ్ ఎస్తెవెస్ 2011లో వచ్చారు. అధ్యక్ష ఎన్నికల్లో పింటసిల్గో తెచ్చుకున్న ఓట్ల శాతాన్ని మరో మహిళ దాటడానికి 30 ఏళ్లు పట్టింది. 2016లో మరిసా మతియాస్, 2021లో అనా గోమెస్ ఆ గీత దాటారు.

ఓడిన తర్వాత పింటసిల్గో ఇంట్లో కూర్చోలేదు. 1987లో సోషలిస్టుల జాబితాలో స్వతంత్ర సభ్యురాలిగా ఐరోపా పార్లమెంటుకు వెళ్లారు. 1992 నుంచి జనాభా, జీవన నాణ్యతలపై ఏర్పాటైన స్వతంత్ర అంతర్జాతీయ కమిషన్‌కు అధ్యక్షత వహించారు. 1996లో వెలువడిన దాని నివేదిక, జనాభాను అదుపు చేయాల్సిన అంకెగా కాకుండా, సాకాల్సిన జీవితాలుగా చూడమంది. ఆ నివేదిక శీర్షికలోని మాటనే ఆమె 2001లో స్థాపించిన ఫౌండేషన్‌కు పెట్టుకున్నారు: భవిష్యత్తును సాకడం. సాకడం అన్నది ఇంట్లో స్త్రీలు జీతం లేకుండా చేసే పని. దాన్ని తీసుకెళ్లి రాజ్యపాలనకు నిర్వచనంగా నిలబెట్టడమే ఆమె రాజకీయ చింతనలో అన్నిటికన్నా సాహసోపేతమైన అడుగు.

2004 జులై 10న లిస్బన్‌లో ఆమె కన్నుమూశారు. ఆమె తర్వాత ఆ దేశంలో మరో మహిళ ప్రధాని కాలేదు. ఆమె పాలనను ‘వంద రోజుల ప్రభుత్వం’ అని చెప్పుకోవడం అక్కడ అలవాటు. నేనైతే దాన్ని ఒక అక్షరంతో గుర్తుపెట్టుకుంటాను. 513 పక్కన తగిలించిన ఆ ‘ఎల్’తో. నంబర్లు చాలకపోయినా, రోజులు చాలకపోయినా, పని ఆగకూడదని అచ్చు వేయించిన అక్షరం అది. అయిదేళ్ల గడువు చేతిలో ఉండి, సమయం చాలలేదని చెప్పే ప్రతి ప్రభుత్వం ముందూ ఆ అక్షరాన్ని పెట్టి అడగాలి: మీ ధర్మం మొదలయ్యేది ఎప్పుడు?